ఒక్కో కొమ్మకి మూడేసి రెమ్మలు: చెట్టు బొమ్మతో లెక్కపెట్టించడం

ఈ పాఠం తొమ్మిదేళ్ళ నుంచి పన్నెండేళ్ళ పిల్లలకి. తరగతిలో నలభై నిమిషాలు పడుతుంది, మిగిలింది ఇంట్లో సాగుతుంది. గీతలు లేని తెల్ల కాగితాలు, పెన్సిళ్ళు, రబ్బర్లు, నాలుగు నాణేలు కావాలి. ఎవరింట్లోనైనా గవ్వలుంటే నాలుగు తెప్పించండి. చివర్లో ఉన్న లఘువు, గురువుల భాగం పద్యాలు నేర్చుకుంటున్న పెద్ద పిల్లలకి మాత్రమే.

తెలుగు బడిలో లెక్కలెందుకండీ అని కొందరు తల్లిదండ్రులు అడుగుతారు. న్యాయమైన ప్రశ్నే. లెక్కలు చెప్పడానికి వాళ్ళు రోజూ వెళ్ళే బడి ఉంది, మనకి దొరికేది వారానికి రెండు గంటలు. అయినా ఈ ఒక్క పాఠాన్ని ఇక్కడికి తెచ్చుకోవడానికి కారణం రెండేసి, మూడేసి, నాలుగేసి అనే మాటలు. ఇక్కడ పుట్టి పెరిగిన పిల్లల నోట ఇవి దాదాపు వినపడవు. "అందరికీ రెండు లడ్డూలు ఇవ్వు" అంటారు. గదిలో పదిమంది ఉంటే ఆ మాటకి రెండు అర్థాలు: పదిమందికీ కలిపి రెండు లడ్డూలా, లేక తలా రెండా? "ఒక్కొక్కరికి రెండేసి ఇవ్వు" అనగానే అనుమానం పోతుంది, ఇరవై లడ్డూలు కావాలని తెలిసిపోతుంది. గుణకారం అంటే ఏమిటో ఆ చిన్న 'ఏసి'లోనే ఉంది. చెట్టు బొమ్మ చేసే పని కూడా అదే, కాకపోతే కంటికి కనపడేలా చేస్తుంది. అందుకని ఈ పాఠంలో పిల్లలు ఎన్ని చెట్లు గీస్తారో అన్నిసార్లు 'ఏసి' అనాల్సిందే.

అమెరికా బడుల్లో గుణకారాన్ని మూడో తరగతిలో సమాన గుంపులుగా పరిచయం చేస్తారు. ట్రీ డయాగ్రమ్ అనే పేరుతో చెట్టు బొమ్మ రావడం మాత్రం ఆలస్యం. కామన్ కోర్ ప్రమాణాలు పాటించే రాష్ట్రాల్లో అది ఏడో తరగతి సంభావ్యత పాఠంలో ఉంటుంది. అప్పటికి పిల్లలకి గుణకారం చేతి అలవాటైపోతుంది. లెక్కలో రెండు అంకెలు కనపడితే చాలు, గుణించేసి ముందుకెళతారు. ఎందుకు గుణించావంటే చెప్పలేరు. ఎప్పుడు గుణించకూడదో అసలే చెప్పలేరు. ఆ అలవాటు గట్టిపడక ముందే చెట్టు చేతికివ్వడం మేలు.

మొదటి చెట్టు

తినే వస్తువులతో మొదలుపెట్టండి. బల్ల మీద ఇడ్లీ, దోశ ఉన్నాయి. నంజుకోవడానికి కొబ్బరి పచ్చడి, అల్లం పచ్చడి, సాంబారు. ఒక టిఫిను, దానికి తోడు ఒక్కటే నంజుడు. ఎన్ని రకాలుగా కుదురుతుంది?

కాగితాన్ని అడ్డంగా పెట్టించండి. ఎడమ అంచున మధ్యలో ఒక చుక్క. అది మొదలు. అక్కణ్ణించి రెండు కొమ్మలు, ఒకటి పైకి, ఒకటి కిందికి. ఒకదాని చివర ఇడ్లీ, రెండోదాని చివర దోశ. ఇడ్లీ నుంచి మూడు రెమ్మలు, దోశ నుంచి మూడు రెమ్మలు. బోర్డు మీద ఇలా ఉంటుంది:

ఇడ్లీ ─── కొబ్బరి పచ్చడి
ఇడ్లీ ─── అల్లం పచ్చడి
ఇడ్లీ ─── సాంబారు

దోశ ─── కొబ్బరి పచ్చడి
దోశ ─── అల్లం పచ్చడి
దోశ ─── సాంబారు

(ఇక్కడ అచ్చు సౌకర్యం కోసం ఇడ్లీ, దోశ మూడేసిసార్లు వచ్చాయి. పిల్లల బొమ్మలో ఒక్కోసారే రాసి రెమ్మలు చీల్చాలి.)

పిల్లలు మొదటి రెండు కొమ్మల్ని బాగా దగ్గరగా గీస్తారు. తర్వాత రెమ్మలకి చోటుండదు, ఒకదాని మీద ఒకటి ఎక్కి గజిబిజి అవుతుంది. కొమ్మల మధ్య అరచేయంత దూరం ఉంచమని ముందే చెప్పండి. చుక్క పైన పెట్టి కిందికి గీసినా తప్పేం లేదు కానీ, తెలుగు మాటలు రాయడానికి అడ్డంగా సాగే చెట్టే వీలు. "కొబ్బరి పచ్చడి" అని రాయడానికి ఎంత చోటు పడుతుందో చూడండి.

మాటలు కూడా ఇక్కడే స్థిరపరచండి. చుక్క మొదలు. మొదటి మెట్టులో చీలేవి కొమ్మలు, తర్వాతవి రెమ్మలు, చివర మిగిలేవి ఆకులు. మన భాషలో కొమ్మకీ రెమ్మకీ వేరే మాటలుండటం ఈ పాఠానికి బాగా కలిసొచ్చింది. చివర ఏ మాట దగ్గర గీత ఆగిపోయిందో అక్కడ పిల్లలచేత ఒక చిన్న ఆకు గీయించండి. లెక్కపెట్టేది ఆకుల్నే.

ఇప్పుడు అసలు పని. మొదలు నుంచి ఒక ఆకు దాకా వేలు పెట్టి జరుపుతూ, ఆ దారిని ఒక వాక్యంగా చదివించండి. "నేను ఇడ్లీ కొబ్బరి పచ్చడితో తింటాను." "నేను ఇడ్లీ అల్లం పచ్చడితో తింటాను." ఆరు ఆకులకి ఆరు వాక్యాలు. 'తో' ఆరుసార్లు వస్తుంది, అదీ అర్థంతో. మరుసటి వారం ఇదే చెట్టుతో "తిన్నాను", ఆ తర్వాత "తింటావా?" అనిపించవచ్చు. వాక్యం చదవకుండా ఆకు పక్కన టిక్కు పెట్టనివ్వకండి. ఇది నేను గట్టిగా పట్టుబట్టే విషయం. మాట పలికితేనే, ఆ ఆకు ఒక్క నంజుడు కాదనీ ఒక పూర్తి టిఫిననీ పిల్లలకి తడుతుంది.

అది తట్టకపోతే ఏమవుతుందో చెప్తాను. ఐదు అని జవాబు చెప్పే పిల్లలు ప్రతి తరగతిలోనూ ఉంటారు. రెండు టిఫిన్లు, మూడు నంజుళ్ళు, కలిపి ఐదు. వాళ్ళు బల్ల మీద గిన్నెల్ని లెక్కపెట్టారు. గిన్నెలు ఐదే, అందులో అబద్ధం లేదు. "గిన్నెలు ఐదు, సరే. నువ్వు కూర్చుని ఎన్ని రకాలుగా తినగలవు?" అని అడగండి. ఇంకొందరు ఎనిమిది అంటారు: రెండు కొమ్మలు, ఆరు రెమ్మలు. వాళ్ళు గీసిన గీతలన్నీ లెక్కపెట్టారు. ఒట్టి ఇడ్లీతో ఆగిపోయే దారి ఏదైనా ఉందా అని వేలు పెట్టించి చూపించమంటే వాళ్ళే సర్దుకుంటారు.

మూడో రకం పిల్లలు దోశ దగ్గరకొచ్చి ఆగిపోతారు. "సాంబారు పైన రాసేశాను కదా, మళ్ళీ ఎందుకు?" అంటారు. కొందరు తెలివిగా దోశ నుంచి పైనున్న సాంబారుకే ఒక గీత లాగుతారు. ఈ ప్రశ్న వస్తే సంతోషించండి, పాఠమంతా ఇందులోనే ఉంది. ఇడ్లీతో సాంబారు ఒక టిఫిను, దోశతో సాంబారు ఇంకో టిఫిను. మాట ఒకటే, దారి వేరు. రెండు దారులు ఒకే ఆకు దగ్గర కలిస్తే ఆ ఆకుని ఏ వాక్యంగా చదువుతావని అడిగితే పిల్లలు కాసేపు చూసి, రబ్బరు తీసుకుని తుడిచేస్తారు. మీరు తుడవకండి.

చివరగా అందరిచేతా ఒక్కసారి అనిపించండి: "రెండు కొమ్మలు. ఒక్కో కొమ్మకి మూడేసి రెమ్మలు. మొత్తం ఆరు ఆకులు." రెండు మూళ్ళు ఆరు అని అప్పటికి చెప్పకపోయినా ఫర్వాలేదు.

వరస మార్చితే, మెట్టు పెంచితే

ఇదే లెక్కని ఈసారి నంజుడుతో మొదలుపెట్టించండి. ఇప్పుడు మూడు కొమ్మలు, ఒక్కో కొమ్మకి రెండేసి రెమ్మలు. చెట్టు ఆకారం మారింది, ఆకులు మళ్ళీ ఆరే. 2 × 3, 3 × 2 ఒకటేనని పిల్లలకి ఎక్కాల నుంచి తెలుసు. అది ఎందుకు నిజమో చూపించే బొమ్మ వాళ్ళకి మొదటిసారి దొరుకుతుంది. రెండు చెట్లలోనూ ఒకే టిఫిన్లు వచ్చాయా అని ఆకుల్ని జతచేసి చూడమనండి.

తర్వాత ఒక మెట్టు పెంచండి. టిఫిను తర్వాత పాలు గానీ మజ్జిగ గానీ. ఆరు ఆకుల్లో ఒక్కోదానికి రెండేసి, మొత్తం పన్నెండు. కాగితం ఇంచుమించు నిండిపోతుంది. ఇంకో మెట్టు కావాలా, చేతులు ముందు కడుక్కోవడమా తర్వాత కడుక్కోవడమా అని అడిగితే పిల్లలు వద్దు బాబోయ్ అంటారు. అప్పుడు ఎవరో ఒకరు "గుణించేస్తే సరిపోదా?" అంటారు. గుణకారాన్ని బోర్డు మీద రాయాల్సిన క్షణం అది. వాళ్ళు అడిగాక 2 × 3 × 2 × 2 అని రాస్తే అది వాళ్ళ కష్టాన్ని తగ్గించే ఉపాయం అవుతుంది. మనం ముందే రాస్తే బట్టీపట్టాల్సిన ఇంకో సూత్రం అవుతుంది.

తల్లిదండ్రులకి ఇక్కడ ఒక విన్నపం. ఇంటర్ రెండో సంవత్సరంలో మనం చదివిన పర్ముటేషన్ల సూత్రాలు ఇప్పుడే బయటికి తీయకండి. వాటికి సమయముంది.

'ఏసి' అనలేని చోటు

ఇప్పుడు బల్ల మీదకి పులిహోర తీసుకురండి. పులిహోరలో ఎవరూ ఏమీ నంజుకోరని మన లెక్కకి అనుకుందాం (నంజుకునే ఇళ్ళుంటే నాతో వాదించకండి). ఇడ్లీ, దోశ, పులిహోర, మూడు కొమ్మలు. నంజుళ్ళు మూడు. మూడు మూళ్ళు తొమ్మిది అని గబుక్కున వినిపిస్తుంది. చెట్టు గీయమనండి. ఇడ్లీకి మూడు రెమ్మలు, దోశకి మూడు రెమ్మలు, పులిహోర దగ్గర గీత ఆగిపోతుంది. అది తానే ఒక ఆకు. మొత్తం ఏడు.

ఇక్కడ "ఒక్కో కొమ్మకి మూడేసి రెమ్మలు" అనమనండి. అనలేరు, అబద్ధమవుతుంది. ఆ వాక్యం నిజమైతే గుణించు, నిజం కాకపోతే ఒక్కో కొమ్మ ఆకులూ విడిగా లెక్కపెట్టి కూడు. మన తరగతిలో ఈ విషయానికి ఇంతకన్నా పెద్ద సూత్రం అక్కర్లేదు. పిల్లలు పైతరగతుల్లో ఎదుర్కొనే చాలా లెక్కల్లో చిక్కు ఇక్కడే ఉంటుంది. "ఫలానా రెండూ కలిపి కుదరవు" అనో "అదైతే ఇది అక్కర్లేదు" అనో ఒక చిన్న మాట ఉంటుంది, గుణించే తొందరలో అది కనపడదు. చెట్టు గీసే చెయ్యి ఆ మాట దగ్గర తప్పకుండా ఆగుతుంది.

అక్షరాల చెట్లు

మన బడికి సొంతమైన చెట్లు ఇవి. మూడు చీటీల మీద క, ల, ప రాసి ఇవ్వండి. మూడూ వాడాలి, ఒక్కోటి ఒక్కసారే. మొదటి అక్షరానికి మూడు కొమ్మలు. క ఎంచుకున్నాక మిగిలినవి ల, ప. కనుక ఒక్కో కొమ్మకి రెండేసి రెమ్మలు. ఆ తర్వాత మిగిలేది ఒక్క అక్షరమే. ఆకులు ఆరు: కలప, కపల, లకప, లపక, పకల, పలక. వీటిలో అర్థమున్న మాటలేవో వెతకమనండి. కలప అంటే ఇళ్ళు కట్టడానికీ, బల్లలూ కుర్చీలూ చేయడానికీ వాడే చెక్క. పలక అంటే తాతయ్యలు అక్షరాలు దిద్దినది. ఒకే మూడు అక్షరాల్లోంచి రెండు మాటలు రావడం పిల్లలకి గమ్మత్తుగా ఉంటుంది.

ఈ చెట్టులో గమనించాల్సింది ఒకటుంది. క కొమ్మ మీద రెమ్మలు ల, ప. ల కొమ్మ మీద రెమ్మలు క, ప. రెమ్మల పేర్లు వేరు, సంఖ్య మాత్రం రెండే. 'ఏసి' అనడానికి పేర్లు ఒకటే కానక్కర్లేదు, సంఖ్య ఒకటైతే చాలు. కనుక ఇక్కడ గుణకారం చెల్లుతుంది: 3 × 2 × 1. ఇది పులిహోర చెట్టు తర్వాతే చెప్పండి, ముందు చెబితే పిల్లలు కలగాపులగం చేసుకుంటారు.

న, వ, ల ఇస్తే నవల, వలన దొరుకుతాయి. మ, ర, క ఇస్తే మరక వస్తుంది, మకర సంక్రాంతిలోని మకర కూడా వస్తుంది. చురుకైన పిల్లలకి మ, మ, త ఇవ్వండి. చెట్టు గీస్తే ఆరు ఆకులే, కానీ ప్రతి మాటా రెండేసిసార్లు కనపడుతుంది. మమత, మతమ, తమమ, అంతే. ఒక 'మ'ని ఎర్రగా, ఇంకో 'మ'ని నీలంగా రాయిస్తే ఆరూ వేర్వేరు. రంగు చెరిపేస్తే మూడు. ఈ రంగుల ఉపాయం మళ్ళీ నాణేల దగ్గర పనికొస్తుంది.

గుణింతాలు కొత్తగా నేర్చుకున్న చిన్న పిల్లలకైతే క, ప, వ అనే మూడు కొమ్మలు గీసి, ఒక్కోదానికి దీర్ఘం, ఏత్వం, ఓత్వం అని మూడేసి రెమ్మలు పెట్టించండి. చివర 'లు' చేర్చాలి. కాలు, కేలు, కోలు, పాలు, పేలు, పోలు, వాలు, వేలు, వోలు. తొమ్మిది ఆకులు. పేలు దగ్గర తరగతి నవ్వులతో ఆగిపోతుంది, రెండు నిమిషాలు వదిలేయండి. కేలు అంటే చెయ్యి, పద్యాల్లో కనపడుతుంది. మిగతావాటిలో ఏవి మాటలో ఏవి కావో అమ్మమ్మనో నాయనమ్మనో ఫోన్లో అడిగి రమ్మనండి. గుణింతం, గుణించడం ఒకే కుదురు మాటలని ఈ చెట్టు గీశాక చెబితే అది వాళ్ళకి వింతగా అనిపించదు.

బొమ్మా బొరుసూ, గవ్వలూ

రెండు నాణేలు ఒకేసారి ఎగరేస్తే ఎన్ని రకాలుగా పడతాయి? మూడు అంటారు పిల్లలు: రెండూ బొమ్మలు, రెండూ బొరుసులు, చెరొకటి. చూసే కంటికి మూడే. ఒక పెన్నీ, ఒక క్వార్టర్ తీసుకోండి. చెట్టులో పెన్నీకి రెండు కొమ్మలు, ఒక్కోదానికి క్వార్టర్ రెండేసి రెమ్మలు. బొమ్మ-బొమ్మ, బొమ్మ-బొరుసు, బొరుసు-బొమ్మ, బొరుసు-బొరుసు. ఆకులు నాలుగు. "చెరొకటి" అనేది రెండు ఆకుల మీద కూర్చుంది. ఇద్దరిద్దరు పిల్లల్ని జతచేసి ఒక్కో జతచేత నలభైసార్లు ఎగరేయించి, తరగతి మొత్తం లెక్క బోర్డు మీద కూడండి. చెరొకటి పడినవి దాదాపు సగం దగ్గరకి వస్తాయి, మూడో వంతు దగ్గర ఆగవు.

ఈ లెక్కలో పెద్దవాళ్ళూ తడబడ్డారు. 18వ శతాబ్దపు ఫ్రెంచి గణితవేత్త దాలంబెర్, 1754లో వచ్చిన ఫ్రెంచి విజ్ఞాన సర్వస్వం సంపుటిలో ఇలా వాదించాడు: నాణేన్ని రెండుసార్లు ఎగరేసే ఆటలో మొదటిసారే బొమ్మ పడితే ఆట అయిపోయినట్టే, రెండోసారి ఎగరేయక్కర్లేదు. కనుక ఉన్నవి మూడే దారులు: బొమ్మ, బొరుసు తర్వాత బొమ్మ, రెండూ బొరుసులు. మూడింటిలో రెండిట్లో బొమ్మ ఉంది, కాబట్టి ఒక్కసారైనా బొమ్మ పడే అవకాశం మూడింట రెండు వంతులు. సరైన జవాబు నాలుగింట మూడు వంతులు. ఆయన చెట్టు గీసి చూస్తే అది మన పులిహోర చెట్టే. ఒక కొమ్మ ముందే ఆకై ఆగిపోయింది. ఆ ఆకుకీ మిగతా రెండు ఆకులకీ సమానమైన అవకాశం లేదు. మొదటి కొమ్మ ఒక్కటే సగం వాటా పట్టుకుపోతుంది, మిగిలిన సగాన్ని ఆ రెండూ పంచుకుంటాయి. ఎన్ని రకాలున్నాయన్నది ఒక ప్రశ్న, ఏది ఎంత తరచుగా వస్తుందన్నది వేరే ప్రశ్న. ఏడు రకాల టిఫిన్లలో పులిహోర ఒకటైనంత మాత్రాన వారానికొకసారే పులిహోర తింటారా?

ఇక గవ్వలు. అష్టాచమ్మా ఆడిన తల్లిదండ్రులు మన తరగతుల్లో చాలామందే ఉన్నారు. నాలుగు గవ్వలు వేస్తాం. ఎన్ని వెల్లకిలా పడితే అంత పందెం. నాలుగూ వెల్లకిలా పడితే చమ్మా, అంటే నాలుగు. నాలుగూ బోర్లా పడితే అష్టా, అంటే ఎనిమిది. ఈ రెండిటికీ మళ్ళీ వేసే అవకాశం ఇస్తారు. ఊరికో పద్ధతి ఉంటుంది, మీ ఇంటి పద్ధతే వాడుకోండి.

చెట్టు గీయండి: మొదటి గవ్వకి రెండు, తర్వాత నాలుగు, ఎనిమిది, పదహారు. పెద్ద కాగితం కావాలి, గోడకి చార్టు అంటించి తలా ఒక కొమ్మ పంచితే ఇంకా బాగుంటుంది. ఒక్కో ఆకు దగ్గర ఎన్ని వెల్లకిలా ఉన్నాయో రాయించండి. ఒకటి పడే ఆకులు 4, రెండు పడేవి 6, మూడు పడేవి 4, చమ్మా 1, అష్టా 1. కూడితే 16. రెండు ఎందుకు అంత తరచుగా పడుతుందో, అష్టా పడితే ఎందుకు అంత కేకలేస్తామో ఆ చార్టు మీద కనపడుతుంది. ఎందుకు మళ్ళీ వేయనిస్తారని అడగండి, పిల్లలే చెప్తారు.

ఒక జాగ్రత్త. గవ్వ నాణెం లాంటిది కాదు. ఒకవైపు ఉబ్బు, ఇంకోవైపు చీలిక, రెండు వైపులా సమానంగా పడుతుందని మనం ఊరికే అనుకోకూడదు. 16 ఆకులున్నది నిజం, కానీ అవి సమానమా అన్నది వేసి చూడాలి. ఒకే గవ్వని వందసార్లు వేసి రాసుకు రమ్మని ఇంటిపని ఇవ్వండి. గవ్వలు లేనివాళ్ళు నాలుగు పెన్నీలతో ఆడుకోవచ్చు, అప్పుడు చార్టులో ఉన్నట్టే వస్తుంది, ఇంచుమించుగా.

పద్యాలు నేర్చుకునే తరగతులకి

లఘువు, గురువు గుర్తించడం వచ్చిన పిల్లలకి ఒక ప్రశ్న: మూడక్షరాల గణాలు ఎనిమిదే ఎందుకు? తొమ్మిదోది ఎందుకు లేదు? ఒక్కో అక్షరం లఘువైనా కావాలి, గురువైనా కావాలి. రెండు కొమ్మలు, ఒక్కోదానికి రెండేసి, మళ్ళీ రెండేసి. లఘువుని ల, గురువుని గ అని రాసుకుంటే ఆకులు ఇవి: గగగ (మ), గగల (త), గలగ (ర), గలల (భ), లగగ (య), లగల (జ), లలగ (స), లలల (న). యమాతారాజభానసలగం అని బట్టీపట్టినవాళ్ళు దాంతో సరిచూసుకోవచ్చు. ఇలా ఉన్న రూపాలన్నీ ఏదీ వదలకుండా వరసగా రాయడాన్ని ఛందస్సులో ప్రస్తారం అంటారు. ఆ పద్ధతి పింగళుడి ఛందశ్శాస్త్రం నాటిది. తెలుగు మీడియంలో చదివినవాళ్ళకి గుర్తుండే ఉంటుంది, పర్ముటేషన్లకి మన పాఠ్యపుస్తకాల్లో ప్రస్తారాలనే పేరు.

మన పిల్లలు నేర్చుకునే వేమన పద్యాల్లో ఎక్కువ ఆటవెలదులు. రెండో, నాలుగో పాదాల్లో ఐదూ సూర్యగణాలే. సూర్యగణాలు రెండు, న, హ. కనుక ఆ పాదం నడకకి 2 × 2 × 2 × 2 × 2, అంటే 32 రూపాలు. మొదటి, మూడో పాదాల్లో మూడు సూర్యగణాల తర్వాత రెండు ఇంద్రగణాలు. ఇంద్రగణాలు ఆరు. 2 × 2 × 2 × 6 × 6 = 288. ఈ చెట్టు గీయమని ఎవరినీ అడగకండి. ఒక్కో చోట రెండేసి, ఆరేసి అని నోటితో అనగలిగితే చాలు.

అక్షరాలు కాకుండా మాత్రలు లెక్కపెడితే మాత్రం 'ఏసి' కుదరదు. లఘువు ఒక మాత్ర, గురువు రెండు. నాలుగు మాత్రలు ఎన్ని రకాలుగా కుదురుతాయి? గగ, గలల, లగల, లలగ, లలలల. ఐదు. ఒక కొమ్మ రెండు అడుగుల్లో ముగుస్తుంది, ఇంకొకటి నాలుగు అడుగులు నడుస్తుంది. ఛందస్సు రాని పిల్లలకి ఇదే లెక్కని మెట్లతో చెప్పండి: నాలుగు మెట్లున్నాయి, ఒక్కో అడుగుకి ఒక మెట్టు గానీ రెండు మెట్లు గానీ ఎక్కవచ్చు. మొదట ఒక మెట్టు ఎక్కితే ఇంకా మూడు మెట్లు మిగులుతాయి, వాటికి 3 రకాలు. మొదట రెండు ఎక్కితే రెండు మిగులుతాయి, వాటికి 2 రకాలు. 3 + 2 = 5. ఒకటి నుంచి మొదలుపెడితే 1, 2, 3, 5, 8 అని సాగుతుంది. పిల్లలు బడిలో ఫిబొనాచి అనే పేరు విని ఉంటారు. ఫిబొనాచి పుస్తకం 1202 నాటిది. అంతకు ముందే 12వ శతాబ్దంలో హేమచంద్రుడు మాత్రల లెక్కలో ఈ వరసనే చెప్పాడు.

ఇంట్లో

చెట్టుకి వేరే సమయం కేటాయించక్కర్లేదు. వీకెండ్ ఏ చొక్కా మీదకి ఏ ప్యాంటు, ఏ పార్కు, ఎవరితో, అన్నీ కొమ్మలే. పిల్లలు జవాబు ఇంగ్లీషులో చెబితే ఆపకండి, ముందు లెక్క తేలనివ్వండి. తర్వాత "వేలు పెట్టి నాకు తెలుగులో చదివి వినిపించు" అనండి. జవాబు తప్పైతే కాదు అనకుండా "ఈ ఆకుని చదువు" అనండి, చాలాసార్లు అక్కడే దొరుకుతుంది. మనుషుల్ని లెక్కపెట్టేటప్పుడు ఇద్దరేసి, ముగ్గురేసి అని వస్తుందని ఇంట్లో మాట్లాడుతుంటేనే అలవాటవుతుంది.

ఇంటిపనికి మూడు లెక్కలు. మొదటిది, డాలస్ నుంచి విజయవాడ ప్రయాణం: దుబాయ్, దోహా, లండన్ మీదుగా హైదరాబాద్ చేరవచ్చు, అక్కణ్ణించి బస్సు, రైలు, కారు. లేదా ఢిల్లీలో దిగి నేరుగా విజయవాడకి విమానం ఎక్కవచ్చు. రెండోది, సంక్రాంతికి 3 లంగాలు, 4 జాకెట్లు ఉన్నాయి, ఆకుపచ్చ లంగా మీదకి ఎర్ర జాకెట్టు వేసుకోనని పాప పేచీ. మూడోది, ఐదు మెట్లు.

జవాబులు తల్లిదండ్రులకి మాత్రమే. ప్రయాణానికి 9 + 1, అంటే 10. పిల్లలు 12 అంటే ఢిల్లీ కొమ్మని వాక్యంగా చదివించండి. లంగాలకి 12లోంచి ఒక ఆకు రాలిపోయి 11. మెట్లకి 8. ఈ మూడోది కాగితం మీద తేలకపోతే ఇంట్లో మెట్ల దగ్గరకే తీసుకెళ్ళి ఎక్కించండి, ఎక్కిన ప్రతిసారీ దారిని గోడ పక్కన కాగితం మీద రాయించండి.